మూకీ హాస్య చిత్రాలు పిల్లలకు చూపించడం, నీతి వాళ్ల నోటితోనే చెప్పించడం: మొదటి నుంచి చివరి దాకా

"చాప్లిన్ సినిమా పెట్టాం, పిల్లలు పడీపడీ నవ్వారు. ఇందులో నీతి ఏమిటని అడిగితే మాత్రం ఒక్కరూ నోరు విప్పలేదు. ఎక్కడ తప్పు చేశాం?" నన్ను ఈ మాట అడగని నెల లేదు. అడిగేవాళ్లలో తల్లులున్నారు, టీచర్లున్నారు, చిన్న లైబ్రరీ నడుపుకునే ఒక పెద్దాయన ఉన్నారు. అందరికీ విడివిడిగా చెప్పే బదులు పూర్తిగా ఇక్కడ రాస్తున్నాను.

మా అపార్ట్‌మెంట్‌లో నెలకో ఆదివారం పిల్లలను కూర్చోబెట్టి ఈ పొట్టి సినిమాలు వేస్తుంటాను. ఇన్నాళ్లలో నాకు గట్టిగా అర్థమైంది ఒకటే. పిల్లల నవ్వు ఎక్కడ ఆగిందో నీతి అక్కడే ఉంటుంది. మనం ఆ చోటు ముందే కనిపెట్టుకుని, వాళ్లు కూడా గమనించేలా చేస్తే చాలు. కింద రాసిన ప్రతి పనీ అందుకోసమే.

1. నాలుగు సినిమాలు, నాలుగు వారాలు

ఒకే రోజు మూడు నాలుగు వేసేస్తే ఏదీ మనసులో నిలవదు. వారానికి ఒకటి చొప్పున, ఈ వరుసలోనే వెయ్యండి.

- మొదటి వారం: లూయీ లూమియేర్ తీసిన ఫ్రెంచి సినిమా ‘లారోజర్ అరోజే’ (నీళ్లు పెట్టేవాడికే నీళ్లు పడ్డాయి అని అర్థం), 1895. నిమిషం కూడా ఉండదు. ఐదేళ్ల పిల్లల నుంచి చూడొచ్చు.
- రెండో వారం: లారెల్, హార్డీల ‘బిగ్ బిజినెస్’, 1929. దాదాపు 20 నిమిషాలు. ఆరేడేళ్లు దాటినవాళ్లకు.
- మూడో వారం: బస్టర్ కీటన్ ‘వన్ వీక్’, 1920. ప్రింటును బట్టి 20 నుంచి 25 నిమిషాలు. ఎనిమిదేళ్లు దాటితే మంచిది.
- నాలుగో వారం: చార్లీ చాప్లిన్ ‘ది ఇమిగ్రెంట్’, 1917. ఇదీ 20 నుంచి 25 నిమిషాలే. పదేళ్లు దాటినవాళ్లకు.

ఈ వరుసకు కారణం ఉంది. మొదటిదాంట్లో ఒక తుంటరి పని, దానికి ఒక ఫలితం, అంతే. రెండోదాంట్లో తప్పు ఇద్దరిదీ. మూడోదాంట్లో తప్పు ఎవడిదో, నష్టం మంచివాళ్లకు. నాలుగోదాంట్లో హీరోయే సగం మంచివాడు, సగం కాదు. మెట్టు మెట్టుకూ ఆలోచన కష్టమవుతూ పోతుంది.

చాప్లిన్‌తో మొదలుపెట్టాలని అందరికీ ఉంటుంది, ఎందుకంటే మనకు తెలిసిన పేరు అదే. నా మాట విని ఆయన్ని చివరికి ఉంచండి. చాప్లిన్ సినిమాలో ఒక్కో సన్నివేశంలో రెండు మూడు విషయాలు కలిసి ఉంటాయి. మూడు వారాలు చూడటం అలవాటైన పిల్లలకు అవి అందుతాయి, కొత్తవాళ్లకు తన్నులే కనిపిస్తాయి.

‘ఈజీ స్ట్రీట్’ గురించి కూడా అడుగుతుంటారు. 1917లో వచ్చిన గొప్ప సినిమా. దొంగతనం చేసి, మనసు మార్చుకుని, పోలీసు ఉద్యోగంలో చేరినవాడి కథ. కానీ అందులో ఒకడు మత్తుమందు సూది పొడుచుకోవడం చూపిస్తారు. హైస్కూలు పిల్లలకైతే సరే, చిన్నవాళ్లకు వద్దు.

2. పిల్లలకు ముందు మీరు రెండుసార్లు చూడండి

మొదటిసారి మామూలుగా, మీ సంతోషం కోసం చూడండి. మీకు నవ్వు రాని సినిమా పిల్లలకు పెట్టకండి. మీ ముఖం చూసి వాళ్లు కనిపెట్టేస్తారు.

రెండోసారి కాగితం, పెన్ను పట్టుకుని కూర్చోండి. కాగితాన్ని మూడు గడులు చేసుకుని, నిమిషాలూ సెకన్లతో సహా రాసుకోండి:

- గొడవ లేదా కష్టం మొదలైన క్షణం ఏది?
- ఇక్కడ ఆగిపోయి ఉంటే సరిపోయేది అనిపించిన క్షణం ఏది?
- మీ నవ్వు ఆగిపోయిన క్షణం ఏది?

మూడో గడి ఖాళీగా మిగిలితే ఆ సినిమాను నీతి మాట్లాడుకోవడానికి వాడకండి. ఊరికే నవ్వుకోవడానికి పెట్టండి, అదీ మంచి పనే.

ఈ రెండోసారి చూడటంలోనే ఇంకో పని ఉంది. వందేళ్ల కిందటి అమెరికా సినిమాల్లో నల్లజాతివాళ్లను వెక్కిరించే దృశ్యాలు చాలా ఉన్నాయి. ఆ కాలపు మరో హాస్యనటుడు హెరాల్డ్ లాయిడ్ ‘హాంటెడ్ స్పూక్స్’ అలాంటిదే. కీటన్ ‘నైబర్స్’లో కూడా ముఖానికి నలుపు పూసుకునే హాస్యం ఉంది. తెలియక పెట్టేస్తే మధ్యలో ఆపలేక, వివరించలేక ఇబ్బంది పడతారు. పెద్ద పిల్లలతో దాని గురించే మాట్లాడాలనుకుంటే అది వేరు. అప్పుడు అదే ఆ రోజు విషయం అవ్వాలి, పక్క విషయం కాకూడదు.

‘వన్ వీక్’లో హీరోయిన్ స్నానం చేసే చిన్న ముక్క ఒకటి ఉంది. సబ్బు కింద పడితే కెమెరాకు ఒక చెయ్యి అడ్డం వస్తుంది. అసభ్యం ఏమీ లేదు. అయినా బామ్మలు, తాతయ్యలు పక్కన కూర్చునే చోట ముందే తెలిసి ఉంటే టెన్షన్ ఉండదు.

3. మంచి ప్రింటు వెతకడం, వేగం సరిచూడటం

చాలామంది దాటేసే మెట్టు ఇదే. నా అనుభవంలో పిల్లలకు విసుగు పుట్టడానికి సగం కారణం ఇక్కడే ఉంటుంది.

మూకీల కాలంలో కెమెరాను చేత్తో తిప్పేవాళ్లు. సెకనుకు 16 నుంచి 20 ఫ్రేముల (విడి విడి బొమ్మల) దాకా, ఒక్కోసారి అంతకు మించి పడేవి. టాకీలు వచ్చాక సెకనుకు 24 అని స్థిరపడింది. 18 ఫ్రేముల లెక్కన తీసినదాన్ని 24 లెక్కన వేస్తే, మనిషి నడక మూడో వంతు వేగం పెరిగిపోతుంది. అందుకే పాత సినిమాలంటే అందరూ గబగబా పరుగెడుతుంటారని మనకు ఒక ముద్ర పడిపోయింది.

వేగం ఎక్కువైతే ముఖాలు చదవలేం. ముఖం చదవలేకపోతే పాత్ర బాధ అందదు. బాధ అందని చోట నీతి మాట ఎత్తడం దండగ.

సరిచూసే పద్ధతి:

- హీరోను చూడొద్దు. వెనకాల మామూలుగా నడుస్తున్న మనిషిని, లేదా ఎగిసే నీళ్లను చూడండి. అవి సహజంగా ఉన్నాయా?
- లేకపోతే యూట్యూబ్‌లో ప్లేబ్యాక్ వేగం 0.75కి తగ్గించి చూడండి. 18 ఫ్రేముల సినిమాను 24 మీద వేసి ఉంటే 0.75 దగ్గర లెక్క సరిగ్గా కుదురుతుంది.
- అంతకంటే తగ్గించకండి. హాస్య చిత్రాలవాళ్లు కొన్నిచోట్ల కావాలనే కెమెరా మెల్లగా తిప్పి, తెర మీద వేగం వచ్చేలా చేసేవాళ్లు. తరుముకునే సన్నివేశాలు కాస్త చురుగ్గా ఉండటమే సరైనది.
- మనుషుల తలలు, కాళ్లు తెర అంచున తెగిపోతున్నాయా? వెడల్పు టీవీ కోసం సాగదీసిన లేదా కోసిన ప్రింటు అది. మరోటి వెతకండి. అసలు బొమ్మ దాదాపు చదరంగా ఉంటుంది, పక్కన నల్ల పట్టీలు ఉంటే భయపడకండి.
- గీతలు, మచ్చలు కొన్ని ఉన్నా పర్లేదు. కళ్లు కనిపించకపోతే మాత్రం వద్దు.

సంగీతం కూడా వినండి. మంచి ప్రింటు మీద ఎవరో సంబంధం లేని పాట గిరగిరా తిప్పి వదిలేసినవి చాలా ఉన్నాయి. అలాంటప్పుడు శబ్దం పూర్తిగా తీసేసి, ఒక నెమ్మదైన పియానో రికార్డింగ్ విడిగా పెట్టండి. ఒకసారి మా ఇంట్లో కీబోర్డు నేర్చుకుంటున్న ఎనిమిదో తరగతి అమ్మాయిని పక్కన కూర్చోబెట్టి వాయించమన్నాను. తనకు వచ్చిన నాలుగు ముక్కలే అటూ ఇటూ తిప్పి వాయించింది. పిల్లలు ఆ రోజు చూసినంత శ్రద్ధగా మరెప్పుడూ చూడలేదు.

హక్కుల సంగతి: మన దేశంలో సినిమా విడుదలైన తర్వాత 60 ఏళ్ల దాకా కాపీరైటు ఉంటుంది. ఈ నాలుగు సినిమాలకూ ఆ గడువు ఎప్పుడో దాటింది. కానీ ఈమధ్య చేర్చిన సంగీతానికి వేరే హక్కులు ఉండొచ్చు. కాబట్టి మీ కార్యక్రమం వీడియో తీసి బయట పెట్టేటప్పుడు వెనక సంగీతం విషయంలో జాగ్రత్త.

4. గది సిద్ధం చేయడం

ఇక్కడ పెద్ద ఆర్భాటం అక్కర్లేదు. 15 మంది దాకా పెద్ద టీవీ చాలు, అంతకు మించితే ప్రొజెక్టర్, తెల్ల దుప్పటి.

- సినిమా ముందే డౌన్‌లోడ్ చేసుకోండి. మధ్యలో నెట్ ఆగితే నవ్వు తిరిగి రాదు.
- హెచ్‌డీఎంఐ కేబుల్, ఎక్స్‌టెన్షన్ బోర్డు ముందు రోజే పెట్టి చూడండి.
- గది పూర్తిగా చీకటి చెయ్యకండి. పిల్లలు ఒకరి ముఖం ఒకరు చూసుకుంటే నవ్వు అంటుకుంటుంది.
- చిన్నవాళ్లు ముందు చాప మీద, పెద్దవాళ్లు వెనక కుర్చీల్లో.
- తినుబండారాలు సినిమా అయ్యాకే. కరకరలాడే చిప్స్ ప్యాకెట్ల చప్పుడు మూకీకి శత్రువు.
- మీరు తెర పక్కన, పిల్లల వైపు తిరిగి కూర్చోండి. ఆ రోజు మీరు చూడాల్సింది వాళ్ల ముఖాలు.

5. టైటిల్ కార్డులు తెలుగులో చదవడం

మూకీల్లో బొమ్మల మధ్య అక్షరాల పలకలు వస్తాయి. ఇంగ్లిషు చదవలేని పిల్లలు అక్కడే జారిపోతారు. మీరే తెలుగులో చదివి వినిపించాలి.

ముందే అన్ని కార్డులూ వరుసగా రాసుకుని, పక్కన తెలుగు రాసుకోండి. అప్పటికప్పుడు అనువాదం చేయబోతే కార్డు వెళ్లిపోతుంది, మీరు తడబడుతుంటారు.

మాట పొట్టిగా ఉండాలి, మనం మాట్లాడుకునేట్టు ఉండాలి. ‘ది ఇమిగ్రెంట్’లో ఒక కస్టమర్‌ను వెయిటర్లంతా కలిసి చితకబాదుతుంటారు. ఏం చేశాడని చార్లీ అడిగితే వచ్చే జవాబు: బిల్లుకు 10 సెంట్లు తక్కువైందట. దాన్ని నేను "పది పైసలు తక్కువ పడ్డాయంట" అని చదువుతాను. డాలరులో పదో వంతు అని లెక్కలు చెప్పుకుంటూ కూర్చుంటే హాస్యం, భయం రెండూ పోతాయి.

కార్డు చదవగానే నోరు మూసుకోవాలి. "చూడండి చూడండి, ఇప్పుడు పడిపోతాడు" అనడం పెద్ద తప్పు. బొమ్మను బొమ్మే చెప్పనివ్వండి.

6. మొదలుపెట్టేటప్పుడు రెండే మాటలు

సినిమా ముందు ఉపన్యాసం వద్దు. నీతి ముందే చెబితే పిల్లలు సినిమా మొత్తం దానికి తలూపుతూ కూర్చుంటారు. పైగా నవ్వడానికి భయపడతారు.

ఇలా అంటే చాలు: "ఇందులో ఎవరూ మాట్లాడరు. ఇది తీసి వందేళ్లయింది." (‘బిగ్ బిజినెస్’కైతే "దాదాపు వందేళ్లు" అనండి.) చిన్నవాళ్లున్నప్పుడు ఇంకో మాట చేరుస్తాను: "ఈ తన్నులు, పడటాలు నేర్చుకున్నవాళ్లు చేసినవి. మనం చెయ్యకూడదు." ఎందుకంటే దెబ్బలు వాళ్లకూ నిజంగానే తగిలేవి. 1919లో ఫోటో తీసుకుంటుండగా, ఉత్తుత్తిదే అనుకున్న బాంబు పేలి హెరాల్డ్ లాయిడ్ కుడిచేతి బొటనవేలు, చూపుడువేలు పోయాయి. ఆ తర్వాత తొడుగు వేసుకుని నటించాడు. పదేళ్ల పిల్లలు ఈ సంగతి వింటే వెంటనే బుద్ధిగా కూర్చుంటారు.

7. మొదటిసారి ఆపకుండా, రెండోసారి ఆపి ఆపి

ఇదే అసలు మెట్టు. సినిమా పొట్టిది కాబట్టి రెండుసార్లు చూడొచ్చు.

మొదటిసారి ఎక్కడా ఆపకండి. ఎవరెప్పుడు నవ్వారు, ఎవరెప్పుడు ఊరుకున్నారు అన్నది మీ కాగితం మీద గీతలు పెట్టుకోండి. తర్వాత ఐదు నిమిషాలు నీళ్లు తాగే విరామం.

రెండోసారి మూడు చోట్ల మాత్రమే ఆపండి. నాలుగోసారి ఆపితే పిల్లలు "అబ్బా, పెట్టండి ఆంటీ" అంటారు, అప్పుడు వాళ్లదే న్యాయం.

7.1. ‘లారోజర్ అరోజే’తో అలవాటు చేయడం

తోటమాలి గొట్టంతో మొక్కలకు నీళ్లు పెడుతుంటాడు. వెనకనుంచి ఒక కుర్రాడు వచ్చి గొట్టం తొక్కుతాడు. నీళ్లు ఆగుతాయి. తోటమాలి గొట్టం మూతి కళ్ల దగ్గర పెట్టుకుని చూస్తాడు. కుర్రాడు కాలు తీస్తాడు, నీళ్లు ముఖాన కొడతాయి. పారిపోతున్న వాణ్ణి తోటమాలి పట్టి లాక్కొచ్చి వీపు వాయిస్తాడు.

నిమిషం కూడా లేదు కాబట్టి ఐదుసార్లు చూడండి. ఒకసారి కుర్రాణ్ణే చూడమనండి, ఒకసారి తోటమాలినే. తర్వాత అడగండి: "తోటమాలి కొట్టడం దగ్గర ఎంతమంది నవ్వారు? నీళ్లు పడ్డప్పుడు ఎంతమంది?" చేతులు లెక్కపెట్టండి. రెండు లెక్కలూ ఒకేలా రావు. ఎందుకు తేడా వచ్చిందో వాళ్లనే చెప్పనివ్వండి. కొట్టడం సరైందా అన్న వాదన దానంతటదే మొదలవుతుంది. మీరు తీర్పు చెప్పకండి.

7.2. ‘బిగ్ బిజినెస్’: నిచ్చెన గీయడం

లారెల్, హార్డీ కాలిఫోర్నియాలో ఇంటింటికీ తిరిగి క్రిస్మస్ చెట్లు అమ్ముతుంటారు. జేమ్స్ ఫిన్లేసన్ వేసిన పాత్ర వద్దని తలుపు వేస్తుంది. చెట్టు కొమ్మ తలుపు సందులో ఇరుక్కుంటుంది. అది తీసుకోవడానికి మళ్లీ గంట కొడతారు. ఈసారి ఇంకోటి ఇరుక్కుంటుంది. మళ్లీ గంట. చివరికి ఆయనకు ఒళ్లు మండి కత్తెర తెచ్చి చెట్టును కత్తిరిస్తాడు. అక్కణ్ణుంచి మొదలు. వీళ్లు ఆయన ఇంటిని, ఆయన వీళ్ల కారును ముక్కముక్కలు చేస్తారు. కిటికీలు, తలుపు, పియానో, ఏదీ మిగలదు.

*మొదటి ఆపు:* కొమ్మ తలుపులో ఇరుక్కున్నప్పుడు. "ఇప్పటిదాకా తప్పు ఎవరిది?" ఎవరిదీ కాదని తేలడానికి కాస్త సమయం పడుతుంది. తొందరపెట్టకండి. గొడవ చెడ్డతనంతోనే మొదలవ్వాలని లేదని పిల్లలకు మొదటిసారి తట్టే చోటు ఇది.

*రెండో ఆపు:* వీళ్లు ఇంటిని పగలగొడుతుంటే ఫిన్లేసన్ నిలబడి చూస్తుంటాడే, అక్కడ. ఈ సినిమా మొత్తంలో నాకు అన్నిటికంటే విలువైన బొమ్మ అది. తన వస్తువు పాడవుతుంటే ఆయన అడ్డుపడడు. ఓపిగ్గా చూస్తాడు, అయిపోగానే తన వంతు తీసుకుంటాడు. వీళ్లూ అంతే, కారు పీకేస్తుంటే నిలబడి చూస్తారు. "తన ఇల్లు కాపాడుకోకుండా ఎందుకు నిలబడ్డాడు?" అని అడగండి. మా దగ్గర నాలుగో తరగతి పిల్లాడొకడు, "ఆయనకి ఇల్లు గుర్తులేదు ఆంటీ, మళ్లీ కొట్టడమే గుర్తుంది" అన్నాడు. పగ అనే మాటకు అంతకన్నా మంచి అర్థం నేనైతే చెప్పలేను.

ఇక్కడ బోర్డు మీద నిచ్చెన గీయండి. ఎడమవైపు వీళ్లు పాడుచేసినవి, కుడివైపు ఆయన పాడుచేసినవి, కిందనుంచి పైకి. పిల్లలే వచ్చి రాయాలి. అయ్యాక ఒక్కొక్కరు లేచి, తాను అయితే ఏ మెట్టు దగ్గర దిగిపోయేవాడో అక్కడ తన పేరు రాయాలి. పేరు ఎక్కడ రాసినా వ్యాఖ్యానించకండి. ఎందుకు అక్కడ అని మాత్రమే అడగండి.

*మూడో ఆపు:* పోలీసు కారులో కూర్చుని నోట్‌బుక్‌లో రాసుకుంటుంటాడు, వీధివాళ్లు పోగై చూస్తుంటారు. "చూసేవాళ్లు ఏం చెయ్యొచ్చు?" క్లాసులో ఇద్దరు కొట్టుకుంటుంటే చుట్టూ నిలబడేవాళ్ల గురించి ఇక మీరు ఎత్తక్కర్లేదు, వాళ్లే ఎత్తుతారు.

చివర అందరూ ఏడ్చి రాజీపడతారు, ఇచ్చిన చుట్ట పేలుతుంది. రాజీ నిజమేనా అన్నది పెద్ద పిల్లలకు మంచి ప్రశ్న.

7.3. ‘వన్ వీక్’: మనకు తోచే నీతిని పక్కన పెట్టడం

కొత్తగా పెళ్లైన జంటకు ఇల్లు పెట్టెల్లో భాగాలుగా వస్తుంది, నంబర్ల ప్రకారం బిగించుకోవాలి. ఆ అమ్మాయిని చేసుకోలేకపోయిన మరొకడు అసూయతో పెట్టెల మీద నంబర్లు మార్చేస్తాడు. ఇల్లు వంకరటింకరగా తయారవుతుంది. తుఫానుకు బొంగరంలా తిరుగుతుంది. పైగా కట్టింది వేరేవాళ్ల స్థలంలో. దాన్ని కారుకు కట్టి లాగుతుంటే రైలు పట్టాల మీద ఇరుక్కుంటుంది.

పెద్దవాళ్లు ఇక్కడ చేసే పొరపాటు, "సూచనలు సరిగ్గా చదువుకోవాలి" అనేది నీతిగా చెప్పేయడం. కానీ అతను సూచనలు తు.చ. తప్పకుండా పాటించాడు! అన్నీ సరిగ్గా చేసినా చెడిపోవడం కూడా బతుకులో ఉంటుంది. మార్కులు తక్కువొచ్చిన పిల్లాడికి ఈ సంగతి చాలా అవసరం.

ఆపాల్సిన చోట్లు: నంబరు మార్చే క్షణం, రైలు పక్క పట్టా మీద వెళ్లిపోగానే ఇద్దరూ ఊపిరి పీల్చుకునే క్షణం, చివరి బొమ్మ.

రెండో చోట ఆపి ఏమీ అడగకండి. ఒక్క క్షణం ఉంచి మళ్లీ నడిపించండి. ఎదురుగా ఇంకో రైలొచ్చి ఇంటిని తుక్కుతుక్కు చేస్తుంది. ఒకసారి చూసేసినా పిల్లలు మళ్లీ అరుస్తారు.

చివరి బొమ్మలో కీటన్ శిథిలాల మీద అమ్మకానికి అని బోర్డు పెడతాడు, దానికి ఆ సూచనల కాగితం జోడిస్తాడు, భార్య చెయ్యి పట్టుకుని నడిచి వెళ్లిపోతాడు. "ఇల్లు పోయింది. ఇంకా ఏం ఉంది?" అని ఒక్కటే అడగండి. తర్వాత ఇంకోసారి వెనక్కి వెళ్లి, ఇంత జరిగినా ఒకరినొకరు నిందించుకున్న చోటు ఎక్కడైనా ఉందేమో వెతకమనండి. వెతకడంలోనే సినిమా వాళ్ల సొంతమవుతుంది.

7.4. ‘ది ఇమిగ్రెంట్’: సగం మంచివాడి దగ్గర నిలబడటం

ఓడలో పేకాటలో చార్లీ డబ్బు గెలుస్తాడు. ఒక అమ్మాయి తల్లి దాచుకున్న డబ్బు దొంగ కొట్టేశాడని తెలుస్తుంది. గెలిచినదంతా రహస్యంగా ఆ అమ్మాయి జేబులో పెడతాడు. ఒక్క క్షణం ఆలోచించి, మళ్లీ తీసి, కొన్ని నోట్లు తనకుంచుకుని మిగతాది పెడతాడు. సరిగ్గా అప్పుడే ఓడ అధికారి చూసి జేబుదొంగ అంటాడు.

ఇక్కడ ఆపండి. నోట్లు వెనక్కి తీసుకున్న ఆ చేతిని మళ్లీ చూపించండి. "మొత్తం ఇచ్చి ఉంటే ఇంకా మంచివాడా?" పదేళ్లు దాటిన పిల్లలు దీని మీద అరగంట మాట్లాడతారు. అతనూ పేదవాడే అని ఒకరంటారు, పేకాట డబ్బు కదా అని ఇంకొకరంటారు. చూసినవాళ్లకు మంచి పని దొంగతనంలా కనబడటం గురించి మరొకరు ఎత్తుతారు.

రెండో చోటు హోటల్లో. చార్లీ జేబుకు చిల్లు, దొరికిన నాణెం జారిపోయింది. 10 సెంట్లకే తన్నిన వెయిటరు ముందు నిలబడ్డాడు. పక్క టేబుల్ దగ్గరి చిత్రకారుడు బిల్లు తాను కడతానంటాడు. చార్లీ మర్యాదకు వద్దంటాడు. ఆయన మళ్లీ అంటాడు, చార్లీ మళ్లీ వద్దంటాడు. ఒకసారి ఎక్కువ వద్దనేసరికి ఆయన అడగడం మానేస్తాడు.

మన పిల్లలకు దీన్ని వివరించక్కర్లేదు. మొహమాటం మన ఇళ్లలో పుట్టిందే. "ఇంకో ముద్ద వేసుకో" అంటే ఆకలేస్తున్నా వద్దనడం వాళ్లకు బాగా తెలుసు. మీ అనుభవం ఒకటి చెప్పండని అడిగితే ఒక్కొక్కరూ కథలు మొదలుపెడతారు. ఆ చిత్రకారుడు వదిలిన టిప్పుతో చార్లీ తన బిల్లు కట్టేస్తాడు. అది మోసమా, తెలివా? చేతులెత్తించండి, లెక్క రాయండి, వదిలేయండి.

8. ఏ ప్రశ్న అడగాలి, ఏది వద్దు

వద్దు:

- "ఇందులో నీతి ఏమిటి?" ఇది పరీక్ష ప్రశ్న. నోరు మూతపడుతుంది.
- "ఇలా చెయ్యొచ్చా?" జవాబు మీ గొంతులోనే ఉంది.
- "నువ్వూ మొన్న ఇలాగే చేశావు కదా?" పదిమందిలో ఒక్కసారి అన్నా ఆ పిల్ల మళ్లీ రాదు.

అడగండి:

- ఎక్కడ ఎక్కువ నవ్వొచ్చింది? ఎక్కడ ఆగింది?
- ఎవరి ముఖం గుర్తుంది?
- ఒక్క క్షణం మార్చే అవకాశం ఉంటే ఏది మారుస్తావు?

అడిగాక మనసులో పది లెక్కపెట్టండి. మొదటి మూడు సెకన్ల మౌనానికి భయపడి మనమే జవాబు చెప్పేస్తుంటాం.

9. తరచూ వచ్చే ఇబ్బందులు, సవరణలు

*"నలుపు తెలుపా, బోర్!"* వాదించకండి. ‘లారోజర్ అరోజే’ ఒక్క నిమిషం పెట్టండి. ఐదో తరగతి దాటినవాళ్లైతే, కార్డులు తెలుగులో చదివే పని వాళ్లకే ఇవ్వండి.

*సినిమా అయ్యాక పిల్లలు ఒకరినొకరు తన్నుకుంటున్నారు.* ఇది చాలాచోట్ల జరుగుతుంది. తిట్టకుండా ఆ శక్తిని వాడుకోండి. జంటలుగా విడదీసి, ముట్టుకోకుండా, మాట్లాడకుండా రెండు నిమిషాల గొడవ నటించమనండి. ముట్టుకుంటే ఆట అయిపోయినట్టు. తగలకుండా తగిలినట్టు చెయ్యడం ఎంత కష్టమో వాళ్లకే తెలుస్తుంది.

*ఒకే పిల్లాడు అన్నిటికీ జవాబు చెబుతున్నాడు.* అతనికి బోర్డు మీద రాసే పని ఇవ్వండి.

*ఒక పాప ఏడ్చింది.* ‘వన్ వీక్’లో ఇల్లు కూలినప్పుడు ఇలా జరగొచ్చు. ఆపండి, పక్కన కూర్చోండి, మిగతావాళ్లను నవ్వొద్దని కూడా అనకండి. ఆ ఇల్లు కూల్చడానికే కట్టిన సెట్ అని చెప్పండి. తుఫానులో అది గిరగిరా తిరగడానికి కింద తిరిగే వేదిక పెట్టారు. బొమ్మ గీసి చూపిస్తే ఊరట.

*పెద్దవాళ్లు మధ్యలో నీతి చెప్పేస్తున్నారు.* తాతయ్యలకు ముందే ఒక మాట చెప్పండి: చివర ఐదు నిమిషాలు మీకే, అప్పటిదాకా పిల్లల వంతు. గౌరవంగా చెబితే అందరూ ఒప్పుకుంటారు. ఆ ఐదు నిమిషాలు నిజంగానే ఇవ్వండి.

*పిల్లలు "తప్పు" నీతి పట్టుకున్నారు.* ‘బిగ్ బిజినెస్’ చూసి "మొదట కొట్టినవాడే గెలుస్తాడు" అన్నవాళ్లున్నారు. సరిదిద్దకండి. నిచ్చెన దగ్గరికి పంపి, గెలిచినవాడికి ఏం మిగిలిందో చదవమనండి. ఒక అమ్మాయి అలాగే చదివి, "ఒక్క చెట్టూ అమ్ముడుపోలేదు" అని తానే మెల్లగా కూర్చుంది.

10. ఆ రోజు చేతిలో ఉండాల్సిన చీటీ

- ముందు రోజు: ప్రింటు వేగం చూశానా? సినిమా డౌన్‌లోడ్ అయిందా?
- టైటిల్ కార్డుల తెలుగు కాగితం
- మూడు ఆపుల సమయాలు, పెద్ద అక్షరాల్లో
- బోర్డు, రెండు రంగుల చాక్‌పీసులు
- మొదటి చూపు, విరామం, రెండో చూపు, మాటలు: మొత్తం గంటా పావు దాటకూడదు
- తినడానికి ఏదైనా, చివర్లో

పిల్లలు వెళ్లాక వాళ్లన్న మాటలు అలాగే, వాళ్ల భాషలోనే ఒక నోటుబుక్కులో రాసుకోండి. తారీఖు వెయ్యండి. వచ్చే వారం మొదలుపెట్టేటప్పుడు పాత మాట ఒకటి చదివి, "ఇది ఎవరన్నారు?" అని అడగండి. అన్న పిల్లాడు చెయ్యెత్తగానే తర్వాతి సినిమా మొదలుపెట్టండి.